రిటైర్మెంట్‌కు రెండు రోజుల ముందు తేదీతో చార్జి మెమో, నాన్నగారి గ్రాట్యుటీ ఆగిపోయింది

తెనాలి_వాసు
మా నాన్నగారు రెవెన్యూలో డిప్యూటీ తహసీల్దారుగా 2024 జూన్ 30న రిటైరయ్యారు. ఆ రోజు ఆదివారం. అందుకని 29నే ఆఫీసులో శాలువా కప్పి, గోడ గడియారం ఇచ్చి పంపారు. జూలై 5న పోస్ట్‌మన్ రిజిస్టర్డ్ కవరు తెచ్చాడు. లోపల చార్జి మెమో, అంటే అభియోగ పత్రం. దాని మీద తేదీ 28-06-2024.

2017 ఆగస్టులో ఆయన 11 రోజులు ఇన్‌చార్జి తహసీల్దారుగా ఉన్నారు. ఆ రోజుల్లో చేసిన ఒక మ్యుటేషన్ (భూమి రికార్డులో యజమాని పేరు మార్చడం) తప్పనీ, దాని వల్ల ఎకరా డెబ్బై సెంట్లు వేరొకరి పేరు మీదికి వెళ్లిందనీ అభియోగం. నాన్నగారు కార్బన్ పేపరు పెట్టి చేత్తోనే మూడు కాపీలు వివరణ రాసి పది రోజుల్లో ఇచ్చేశారు. ఏడాదిన్నర కావస్తోంది, ఇంతవరకూ ఎంక్వైరీ ఆఫీసర్‌నే వేయలేదు. ప్రొవిజనల్ (తాత్కాలిక) పెన్షన్ వస్తోంది, జీపీఎఫ్ (ప్రావిడెంట్ ఫండ్) వచ్చింది. గ్రాట్యుటీ, కమ్యుటేషన్ (పెన్షన్లో కొంత భాగం ముందే ఒకేసారి తీసుకునే సొమ్ము), లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ (వాడని సెలవుల డబ్బు) మూడూ ఆగాయి. ఆ డబ్బుతో ఇంటి లోన్ తీర్చేద్దామనుకున్నాం, ఇప్పుడు వడ్డీ కడుతున్నాం.

డబ్బు సంగతి అలా ఉంచండి. ఆయన పెళ్లిళ్లకూ పేరంటాలకూ రావడం మానేశారు. ఎవరైనా "బెనిఫిట్లన్నీ వచ్చాయా మాస్టారూ" అని అడుగుతారని టెన్షన్. ఏడేళ్ల నాటి పని మీద ఇలా మెమో ఇవ్వొచ్చా? ఇచ్చి ఎన్నాళ్లయినా ఆపొచ్చా?

గుంటూరు_కారం
నాలుగేళ్లు దాటిన విషయం మీద రిటైరైనవాళ్లను అడగకూడదు. రూల్ 9లో ఉంది. మీ కేసు కొట్టేసినట్టే, హాయిగా ఉండండి.

రిటైర్డ్_సూపరింటెండెంట్
గుంటూరు_కారం గారూ, సగమే చెప్పారు. ఆ సగం నమ్ముకుని మా ఆఫీసులో ఇద్దరు దెబ్బతిన్నారు.

1980 పెన్షన్ రూల్స్‌లో 9వ రూల్ రెండు రకాలుగా నడుస్తుంది. సర్వీసులో ఉండగానే మెమో ఇస్తే, రిటైరైన తర్వాత కూడా అదే ఎంక్వైరీ కొనసాగుతున్నట్టు లెక్క. అప్పుడు నాలుగేళ్ల గడువు వర్తించదు, విషయం ఎంత పాతదైనా సరే. రిటైరయ్యాక కొత్తగా మెమో ఇవ్వాలంటే మాత్రం రెండు షరతులు. ప్రభుత్వ మంజూరు (అనుమతి) కావాలి. మెమో ఇచ్చే నాటికి ఆ సంఘటన జరిగి నాలుగేళ్లు దాటి ఉండకూడదు. అందుకే చాలా చోట్ల ఆఖరి వారంలో ఉరుకులు పరుగుల మీద మెమోలు తయారవుతాయి. వాసు గారి నాన్నగారిది 28వ తేదీ కాబట్టి మొదటి రకంలోకి వస్తుంది.

గ్రాట్యుటీ ఆపడానికి రూల్ 52 ఉంది. ఎంక్వైరీ గానీ కోర్టు కేసు గానీ పెండింగ్‌లో ఉంటే, అది ముగిసి తుది ఉత్తర్వులు వచ్చేదాకా గ్రాట్యుటీ ఇవ్వరు. కమ్యుటేషన్ కూడా అంతే.

రైతుబిడ్డ_నంద్యాల
నాకు ఈ చర్చలో అందరూ ఒక వైపే మాట్లాడుతున్నట్టు ఉంది. ఆ ఎకరా డెబ్బై సెంట్లు ఎవరిది? ఆ రైతు సంగతి ఒక్కరైనా అడిగారా?

మా నాన్నది రెండెకరాల పన్నెండు సెంట్లు. ఒకరోజు మీసేవలో 1బి (భూమి ఎవరి పేరున ఉందో చెప్పే రికార్డు) తీస్తే అందులో మా దాయాది పేరు. ఎవరు మార్చారంటే ఎవరూ చెప్పరు. మా నాన్న తొమ్మిదేళ్లు తిరిగాడు. సంచిలో పాత అడంగల్ కాగితాలు, ఒక వాటర్ బాటిల్, రెండు అరటిపళ్లు. అవే తినేవాడు మధ్యాహ్నం. ఆ సంతకం చేసినాయన రిటైరై పోయాడు, పెన్షన్ తీసుకుంటున్నాడు. మా నాన్న పోయాడు. తప్పు చేసినవాడి పెన్షన్ ఆపితే నాకు బాధ లేదు.

తెనాలి_వాసు
అన్నా, మీ నాన్నగారి సంగతి చదివి కాసేపు ఏమీ రాయలేకపోయాను. మా నాన్న తప్పు చేయలేదని నేను తీర్పు చెప్పడం లేదు. తేల్చండి అంటున్నాను. తేల్చడానికి ఒక మనిషిని కూడా వేయకపోతే మీలాంటి రైతుకైనా ఏం న్యాయం జరిగినట్టు?

కాకినాడ_లక్ష్మి
మా ఆయన ఒక ఇంజనీరింగ్ శాఖలో చేశారు. రిటైరయ్యే నెలలో మెమో. కొలతల పుస్తకంలో రాసినదానికీ రోడ్డు మందానికీ తేడా ఉందని. ఐదేళ్లు గడిచింది. ముగ్గురు ఎంక్వైరీ ఆఫీసర్లు మారారు, ప్రతిసారీ మొదటి నుంచి. నాలుగో ఆయన్ని వేసిన నెలకి మా ఆయన పోయారు. మనిషి పోయాడు కాబట్టి ఎంక్వైరీ మూసేశామని కాగితం వచ్చింది. గ్రాట్యుటీ, ఫ్యామిలీ పెన్షన్ నాకు ఇచ్చారు.

తప్పు చేశారో లేదో ఇక ఎవరూ చెప్పరు. మా అబ్బాయి అడుగుతాడు, అమ్మా నాన్న నిజంగా డబ్బు తిన్నాడా అని. కాదని నాకు తెలుసు. కాగితం మీద మాత్రం లేదు.

బందరు_శీను
అక్కా, చదువుతుంటే గుండె బరువెక్కింది.

మా మేనమామది ఏసీబీ కేసు. కోర్టు కేసు కాబట్టి అది తేలేదాకా ప్రొవిజనల్ పెన్షనే. ఎనిమిదేళ్ల తర్వాత కొట్టేశారు. సంబరపడి స్వీట్లు పంచాం. తర్వాత శాఖాపరమైన ఎంక్వైరీ వేరే ఉంది, అది ముగియలేదు అన్నారు. ఆ రెండూ వేర్వేరు దారులని అప్పటిదాకా మాకు తెలియదు.

కరీంనగర్_పోరడు
వాట్సాప్‌లో ఒకటి తిరుగుతోంది. 2013లో సుప్రీంకోర్టు చెప్పిందట, పెన్షన్ ఆస్తి లాంటిది, కేసు ఉన్నా గ్రాట్యుటీ ఆపే హక్కు ప్రభుత్వానికి లేదని. మా బాపు కూడా పంపిండు. దాన్ని పట్టుకుని అడగొచ్చు కదా?

అడ్వకేట్_ఎస్ఆర్
ఆ తీర్పు నిజమే. జార్ఖండ్ ప్రభుత్వానికీ జితేంద్ర కుమార్ శ్రీవాస్తవకూ మధ్య నడిచింది, 2013 ఆగస్టు. వాట్సాప్‌లో దాని తోక కత్తిరించి పంపుతున్నారు. కోర్టు చెప్పింది ఇదీ: పెన్షన్ రాజ్యాంగంలోని 300ఏ అధికరణ కింద ఆస్తి, చట్టబద్ధమైన రూల్ లేకుండా ఉత్తి సర్క్యులర్లతో ఆపకూడదు. అక్కడి రూల్స్‌లో, ఎంక్వైరీ నడుస్తుండగా ఆపే వీలు లేదు. అందుకని ఆ ఉద్యోగి గెలిచాడు. మన రెండు రాష్ట్రాల్లో రూల్ 52 స్పష్టంగా ఉంది కాబట్టి ఆ ఒక్క తీర్పుతో గ్రాట్యుటీ బయటికి రాదు. కోర్టులో చూపించి భంగపడినవాళ్లను చూశాను.

పెన్షన్ దయాదాక్షిణ్యం కాదు, హక్కు అని మొదట గట్టిగా చెప్పింది 1971లో దేవకీనందన్ ప్రసాద్ కేసులో. తర్వాత 1982 డిసెంబరు 17న నకారా తీర్పు. మనం పెన్షనర్ల దినం జరుపుకునేది ఆ తేదీకే. హక్కే, కాకపోతే రూల్ 9కి లోబడిన హక్కు.

వాసు గారి కేసులో వాడుకోవాల్సింది ఆలస్యం. మన హైదరాబాద్ నుంచే వెళ్లిన కేసు ఉంది, 1998లో ఎన్. రాధాకిషన్‌ది. నగరపాలక సంస్థ టౌన్ ప్లానింగ్‌లో పనిచేసిన అధికారి. 1987లో ఏసీబీ రిపోర్టు వచ్చింది, ఎంక్వైరీ సాగలేదు. 1995లో మళ్లీ కొత్త మెమో ఇచ్చారు. ఆలస్యానికి సరైన కారణం చూపలేదని ఉద్యోగుల కేసులు చూసే ట్రిబ్యునల్ ఆ మెమోను కొట్టేసింది, సుప్రీంకోర్టు దాన్నే నిలబెట్టింది. 2015లో ప్రేమ్‌నాథ్ బాలీ కేసులో ఇంకా సూటిగా చెప్పారు: శాఖాపరమైన ఎంక్వైరీ ఆరు నెలల్లో ముగించడానికి ప్రయత్నించాలి, తప్పనిసరైతే ఏడాది.

గుంటూరు_కారం
సూపరింటెండెంట్ గారూ, నా పొరపాటు సరిచేసినందుకు థాంక్స్. ఈ గ్రూపులో ఇంకో నాలుగు చోట్ల అదే రాశాను, వెళ్లి మార్చి వస్తా.

తెనాలి_వాసు
ఇంతకీ చివరికి తప్పని తేలితే ఏం చేస్తారు? మొత్తం పెన్షన్ పోతుందా?

రిటైర్డ్_సూపరింటెండెంట్
రిటైరైన మనిషికి ఇంక్రిమెంట్ కోత, రివర్షన్ (కింది పోస్టుకు దించడం) లాంటి శిక్షలు వేయలేరు. ఉద్యోగమే లేదు కదా. మిగిలింది పెన్షన్లో కోత, ప్రభుత్వానికి నష్టం జరిగితే రికవరీ. దానికీ తీవ్రమైన దుష్ప్రవర్తన గానీ నిర్లక్ష్యం గానీ రుజువు కావాలి. కొంత శాతం, కొన్నేళ్లు ఆపొచ్చు. మరీ పెద్ద నేరమైతే మొత్తం, శాశ్వతంగా కూడా. క్రిమినల్ కేసులో శిక్ష పడ్డవాళ్లకు ఎక్కువగా అలా అవుతుంది.

ఇంకో ముఖ్యమైన మాట. ఆ ఉత్తర్వు ఇచ్చే అధికారం ప్రభుత్వానికే, కలెక్టరుకు లేదు. కింది అధికారి మొదలుపెట్టిన ఎంక్వైరీ అయినా నివేదిక పైకి పంపాల్సిందే. మీ ఫైలు కలెక్టరేట్ సెక్షన్ నుంచి సీసీఎల్‌ఏకి (భూపరిపాలన ప్రధాన కమిషనర్ ఆఫీసుకి), అక్కణ్ణుంచి సచివాలయానికి వెళ్తుంది. తుది ఉత్తర్వుకు ముందు ఏపీపీఎస్సీ అభిప్రాయం కూడా తీసుకోవాలి. నేను ముప్పై ఏళ్లు అలాంటి ఫైళ్లే చూశాను. ఫైలు మీద రిటైరైనవాడి పేరుంటే కట్టలో అడుక్కి చేరుతుంది. అడగడానికి రోజూ ఎదురుగా కనిపించే మనిషి కాదు కదా. ఎవరూ కక్షతో చేయరు. అలా అడుగునే ఉండిపోతుంది, అంతే.

పోస్టల్_మూర్తి
నేను తపాలా శాఖలో 36 ఏళ్లు చేశాను. వాసు గారూ, మొదటి పోస్టు మళ్లీ చదివాను. మెమో తేదీ 28. ఇంటికి వచ్చింది జూలై 5. జిల్లా కేంద్రం నుంచి మీ ఊరికి రిజిస్టర్డ్ ఉత్తరానికి ఏడు రోజులు ఎందుకు పట్టింది? ఆ కవరు దాచారా? దాని మీద బుకింగ్ తేదీ ఏముంది?

తెనాలి_వాసు
నాన్న ఏదీ పారేయరు. దేవుడి గదిలో బిస్కెట్ డబ్బాలో సర్వీసు కాగితాలన్నీ ఉంటాయి. సాయంత్రం చూసి చెబుతా.

తెనాలి_వాసు
కవరు దొరికింది. ఆర్‌తో మొదలయ్యే నంబరున్న బార్‌కోడ్ స్టిక్కరు, పక్కన గుండ్రటి ముద్ర. ముద్ర సగం స్టాంపు మీద పడింది, సంవత్సరం సరిగ్గా లేదు. సెల్‌ఫోన్ టార్చి వేసి చూస్తే 3 జూలై అని కనబడుతోంది. స్టిక్కరు మీద ఉన్న తేదీ కూడా 03-07-2024. దీనితో ఏమైనా ఉపయోగం ఉందా?

పోస్టల్_మూర్తి
జూలై 3 బుధవారం. అప్పటికి నాన్నగారు రిటైరై మూడు రోజులు. ఆ కవరును లామినేషన్ మాత్రం చేయించకండి. రెండు వైపులా కలర్ జెరాక్స్ తీయించి, అసలుది ప్లాస్టిక్ ఫోల్డర్లో పెట్టండి.

అడ్వకేట్_ఎస్ఆర్
చాలా ఉపయోగం ఉంది. మూర్తి గారికి దండం పెట్టాలి.

రూల్ 9 ప్రకారం అభియోగ పత్రం జారీ అయిన తేదీ నుంచే ఎంక్వైరీ మొదలైనట్టు. అంతకు ముందే సస్పెండ్ చేసి ఉంటే సస్పెన్షన్ తేదీ. నాన్నగారికి సస్పెన్షన్ లేదు కదా. జారీ అంటే ఏమిటన్నదే ప్రశ్న. 1993లో ఢిల్లీ డెవలప్‌మెంట్ అథారిటీకీ ఖురానాకూ మధ్య కేసులో సుప్రీంకోర్టు, ఉద్యోగి చేతికి అందనక్కర్లేదు గానీ ఆఫీసు నుంచి పంపించి ఉండాలి అంది. అది ప్రమోషన్ విషయంలో వచ్చిన తీర్పు, ఇక్కడా వాదించొచ్చు. 28న సంతకమై బీరువాలో ఉన్న కాగితం జారీ అయినట్టు కాదు. జూలై 3న పంపితే రిటైరైన తర్వాత జారీ అయినట్టు. అప్పుడు ప్రభుత్వ మంజూరు కావాలి, సంఘటన నాలుగేళ్ల లోపుదై ఉండాలి. మీది ఏడేళ్ల కిందటిది.

తొందరపడకండి. 28నే మనిషి చేత పంపామనీ, ఆయన తీసుకోలేదనీ, అందుకే మళ్లీ పోస్టులో పంపామనీ వాళ్లు అనొచ్చు. నాన్నగారు ఎక్కడైనా సంతకం పెట్టారా, వద్దన్నారా, కనుక్కోండి.

రిటైర్డ్_సూపరింటెండెంట్
సమాచార హక్కు కింద రెండే అడగండి: ఆ ఆఫీసు డిస్పాచ్ రిజిస్టర్లో 28-06-2024 నుంచి 03-07-2024 వరకు పేజీల నకలు, అవే తేదీలకు లోకల్ డెలివరీ బుక్ నకలు. కారణాలు రాయొద్దు, కథ రాయొద్దు.

తెనాలి_వాసు
నాన్నని అడిగాను. 28న, 29న ఎవరూ ఏ కాగితమూ ఇవ్వలేదు. 29న ఫేర్‌వెల్‌లో అందరూ పక్కనే కూర్చుని పులిహోర తిన్నారట. మెమో తయారైతే ఆ రోజే చేతికి ఇచ్చేవాళ్లు కదా అన్నారు.

రైతుబిడ్డ_నంద్యాల
అంటే కవరు మీద ముద్ర చూపించి తప్పు ఒప్పయిపోతుందన్నమాట. ఆ భూమి పోయినాయన ఈ చర్చ చదివితే ఏమనుకుంటాడో ఆలోచించండి. మీ అందరికీ రూల్స్ తెలుసు. మా నాన్నకి తెలియదు, అందుకే తొమ్మిదేళ్లు.

రిటైర్డ్_సూపరింటెండెంట్
బాబూ, నీ కోపంలో న్యాయం ఉంది. నేను కుర్చీలో ఉన్నప్పుడు నీ నాన్నలాంటివాళ్లకి "రేపు రండి" అని చెప్పినవాణ్ణే. ఇప్పుడు ఎంత అనుకున్నా లాభం లేదు.

ఒక్క విషయం విడదీసి చూడు. అధికారి పెన్షన్ కోసేసినా ఆ భూమి రైతుకి రాదు. దానికి దారి వేరే. 1971 పాస్‌బుక్ చట్టం కింద మ్యుటేషన్ మీద ఆర్‌డీవోకు అప్పీలు, దాని మీద రివిజన్. మోసం చేసి డబ్బు తిని మార్చి ఉంటే క్రిమినల్ కేసు ఉంది. మీ రెండెకరాల ఫైలు ఇప్పుడు ఎక్కడుంది? ఆర్‌డీవో ఆర్డరు కాపీ ఉంటే పేర్లు కొట్టేసి ఇక్కడ పెట్టు, చూస్తాను.

తెనాలి_వాసు
రైతుబిడ్డ అన్నా, మీ రెండు పోస్టులూ నాన్నకి చదివి వినిపించాను. రాత్రి అన్నం తినలేదు. పొద్దున పిలిచి ఇది రాయమన్నారు, ఆయన మాటల్లోనే రాస్తున్నాను:

"ఆ పదకొండు రోజుల్లో నా దగ్గరకు నలభైకి పైగా మ్యుటేషన్ ఫైళ్లు వచ్చాయి. వీఆర్వో రిపోర్టు, ఆర్ఐ రిపోర్టు రెండూ ఉన్నాయి, నోటీసు ఇచ్చినట్టు కాగితం ఉంది. అవి చూసి సంతకం పెట్టాను. పొలం మీదికి వెళ్లి చూడలేదు. వెళ్లి ఉంటే పక్క రైతు చెప్పేవాడేమో. ఎవరి దగ్గరా పైసా తీసుకోలేదు. వెళ్లకపోవడం నా తప్పంటే ఒప్పుకుంటాను, దానికి ఎంత కోయాలో కోసి చెప్పమనండి. ఆ కవరు చూపించి బయటపడితే మాత్రం నేను దొంగనో కాదో ఎప్పటికీ తేలదు."

ఇప్పుడు ఏం చేయాలో నాకు అర్థం కావడం లేదు. ఆయన కవరు వాడొద్దంటున్నారు.

కాకినాడ_లక్ష్మి
వాసూ, మీ నాన్నగారికి నా మాటగా చెప్పు. ఎంక్వైరీ జరిగి పేరు నిలబడాలని మా ఆయనా ఐదేళ్లు అదే పట్టుదలతో ఉన్నారు. అందరూ కోర్టుకు వెళ్లమన్నారు, వెళ్లలేదు. కవరు చూపించమను. అమ్మ కోసమైనా.

బందరు_శీను
లక్ష్మి అక్క చెప్పినదే నా మాట కూడా.

రైతుబిడ్డ_నంద్యాల
మీ నాన్నగారిది చదివాను. మా కేసులో సంతకం పెట్టినాయన ఇంతమాట కూడా ఎప్పుడూ అనలేదు. పొలానికి వెళ్లలేదని ఒక్కసారి ఒప్పుకుని ఉంటే మా నాన్న అన్నిసార్లు తిరిగేవాడు కాదు.

కవరు సంగతి నేను చెప్పను. ఆయన ఇష్టం. సూపరింటెండెంట్ గారూ, ఆర్డరు కాపీ రేపు పెడతాను.

అడ్వకేట్_ఎస్ఆర్
వాసు గారూ, రెండింట్లో ఒకటే ఎంచుకోవాలని లేదు. ప్రభుత్వానికి ఇచ్చే రిప్రజెంటేషన్ (విన్నపం)లో మొదటి పాయింటు: మెమో రిటైరయ్యాక జారీ అయింది, మంజూరు లేదు, నాలుగేళ్లు దాటింది, కాబట్టి ఉపసంహరించుకోండి. రెండో పాయింటు: చెల్లుతుందని మీరు భావిస్తే వెంటనే ఎంక్వైరీ ఆఫీసర్‌ను వేసి ఆరు నెలల్లో ముగించండి, నేను ప్రతి వాయిదాకూ వస్తాను. రెండో పాయింటు ఉంటే నాన్నగారు పారిపోయినట్టు ఎవరూ అనలేరు. ఇంతకుముందు వివరణ ఇచ్చినంత మాత్రాన మొదటి అభ్యంతరం పోదు. జవాబు రాకపోతే హైకోర్టులో రిట్. ఏపీలో ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు కాబట్టి నేరుగా అక్కడికే. ముందు ఇక్కడ అడగకుండా వెళ్తే "మొదట వాళ్లను అడిగారా" అనే ప్రశ్న వస్తుంది.

వడ్డీ కూడా అడగండి. 2020లో కరోనా వేళ ఆపిన జీతాలు, పెన్షన్ల మీద ఏపీలో ఒక విశ్రాంత జిల్లా జడ్జి కేసు వేస్తే, 2021లో సుప్రీంకోర్టు 6 శాతం వడ్డీ ఇవ్వమంది. మీ విషయం వేరు, మొత్తంగా వర్తించదు, కానీ అడగడంలో తప్పు లేదు.

కరీంనగర్_పోరడు
ఈ రెండు పాయింట్లు మా బాపుకు పంపిన. వాట్సాప్‌లో ఆ ఫార్వర్డ్ బదులు ఇది పంపమని చెప్పిన.

తెనాలి_వాసు
మూడు వారాల తర్వాత రాస్తున్నాను. ఆర్‌టీఐకి జవాబు వచ్చింది. డిస్పాచ్ రిజిస్టర్లో నాన్నగారి మెమో నంబరు జూలై 3 పేజీలో ఉంది, వరసలో పదిహేడోది. లోకల్ డెలివరీ బుక్‌లో ఆయన పేరే లేదు.

నాన్న రెండు రోజులు ఆలోచించారు. రెండో పాయింటును మొదటిదానికన్నా పెద్దగా రాస్తానంటే ఒప్పుకుంటానన్నారు. ఈసారి కార్బన్ పేపరు వద్దని డీటీపీ చేయించాం, చివర సంతకం కింద "నేను విచారణకు సిద్ధం" అని పెన్నుతో చేర్చారు. ఈ రోజు పొద్దున ఆయనే పోస్టాఫీసుకు నడిచి వెళ్లారు. లక్ష్మి గారికి నమస్కారం చెప్పమన్నారు.

పోస్టల్_మూర్తి
రిజిస్టర్డ్ పోస్టును 2025లో స్పీడ్ పోస్టులో కలిపేశారు. అందులోనే వేశారు కదా? రసీదు ఫోటో తీశారా? అది థర్మల్ పేపరు, కొన్ని నెలలకే అక్షరాలు తెల్లబడిపోతాయి.

తెనాలి_వాసు
తీశాను మూర్తి గారూ. జెరాక్స్ కూడా. అసలుది బిస్కెట్ డబ్బాలో పెట్టారు.